ఊపిరితిత్తుల్లో నీరు – కారణాలు, లక్షణాలు, చికిత్స

(సంస్థ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ప్రతి ఏడాదీ ఈ సభలో నన్ను చదువు గురించి మాట్లాడమంటారు. ఈసారి నేనే కార్యదర్శి గారిని అడిగి ఆరోగ్యం గురించి మాట్లాడతానన్నాను. నేను డాక్టర్ని కాను. ఉన్నత పాఠశాలలో జీవశాస్త్రం చెప్పే ఉపాధ్యాయ వృత్తి నాది. అందుకని నేను చెప్పేది వైద్యం కాదు, తెలుసుకోవలసిన పాఠం. ఈ పాఠం నేను ఆలస్యంగా నేర్చుకున్నాను. మీరు ముందే నేర్చుకోవాలని నా కోరిక.

తొమ్మిదేళ్ల కిందటి మాట. మా అమ్మీకి అప్పుడు అరవై ఎనిమిదేళ్లు. చాలా ఏళ్లుగా బీపీ ఉంది. మాత్రలు ఒకరోజు వేసుకునేది, తల తిరగడం తగ్గితే నాలుగు రోజులు మానేసేది. ఆ నెలలో రాత్రిపూట ఒక దిండు చాలక రెండు పెట్టుకుంది, తర్వాత మూడయ్యాయి. సాయంత్రానికి కాళ్లు వాచి చెప్పుల పట్టీ గుర్తు పడేది. నాలుగు మెట్లెక్కితే ఆయాసం. వయసు మీద పడింది కదా అనుకున్నాం. ఒకరోజు బాగా నీరసంగా ఉందంటే దగ్గరలోని క్లినిక్‌కు తీసుకెళ్లి, "రెండు సెలైన్లు ఎక్కించండి, ఓపిక వస్తుంది" అని మేమే అడిగాం. ఎక్కించారు. సాయంత్రానికి ఇంటికి తెచ్చుకున్నాం.

రాత్రి ఒంటిగంట దాటాక అమ్మీ ఒక్కసారిగా లేచి కూర్చుంది. "బేటా, ఊపిరి ఆడటం లేదు, కిటికీ తెరువు" అంది. ఒళ్లంతా చెమట. ఛాతీలో పిల్లికూతలు. ఉబ్బసం అనుకున్నాను. పడుకుంటే సర్దుకుంటుందని పడుకోబెట్టాను, నీళ్లు తాగించబోయాను. రెండూ తప్పే. పడుకోబెట్టిన కొద్దీ ఆయాసం పెరిగింది, దగ్గుతో నురగ వచ్చింది. 108కి ఫోన్ చేశాం. ఆ అంబులెన్సులో వచ్చిన అబ్బాయి లోపలికి రాగానే చేసిన మొదటి పని అమ్మీని లేపి నిటారుగా కూర్చోబెట్టి, కాళ్లు మంచం కిందికి వేలాడేలా పెట్టడం. తర్వాత ఆక్సిజన్ పెట్టాడు. ఆసుపత్రిలో డాక్టరు గారు పరీక్షించి, "గుండె బలహీనంగా ఉంది, ఊపిరితిత్తుల్లో నీరు నిండింది. ఈమధ్య సెలైన్ ఏమైనా ఎక్కించారా?" అని అడిగారు. ఏటేటా నల్లబల్ల మీద గుండె బొమ్మ గీసి భాగాలు గుర్తించే నేను ఆ ప్రశ్నకు తల దించుకున్నాను.

నీరు ఎక్కడ చేరుతుంది?

"ఊపిరితిత్తుల్లో నీరు" అని మనం ఒకే మాట అంటాం. కొందరు దీన్నే నెమ్ము అంటారు. నిజానికి ఇందులో రెండు వేర్వేరు జబ్బులున్నాయి. ఈ తేడా తెలిస్తే సగం పాఠం వచ్చినట్టే.

మన ఊపిరితిత్తులు కోట్ల కొద్దీ సన్నని గాలి బుడగల గుత్తి. వీటినే పాఠ్యపుస్తకంలో వాయుగోణులు అంటాం. ప్రతి బుడగ చుట్టూ వెంట్రుక కన్నా సన్నని రక్తనాళాలు అల్లుకుని ఉంటాయి. గాలికీ రక్తానికీ మధ్య ఉండేది అతి పల్చని పొర. ఆ పొర గుండానే ఆక్సిజన్ రక్తంలోకి పోతుంది. రక్తనాళాల్లోని నీరు ఊరి ఈ బుడగల్లోకి వస్తే గాలి ఉండాల్సిన చోట నీరుంటుంది. దీన్ని పల్మనరీ ఎడీమా అంటారు. మా అమ్మీకి వచ్చింది ఇదే.

రెండోది ఊపిరితిత్తి లోపల కాదు, దాని బయట చేరే నీరు. ఊపిరితిత్తిని కప్పుతూ ప్లూరా అనే రెండు పొరలుంటాయి. వాటి మధ్య రెండు మూడు చెంచాల ద్రవం ఎప్పుడూ ఉంటుంది. బండి ఇరుసుకు నూనెలాగ, పొరలు ఒరుసుకోకుండా అది కాపాడుతుంది. ఆ ద్రవం అర లీటరు, లీటరు, అంతకంటే ఎక్కువ అయితే ఊపిరితిత్తి నొక్కుకుపోతుంది. దీన్ని ప్లూరల్ ఎఫ్యూజన్ అంటారు.

తేడా ఎందుకు ముఖ్యమంటే, ఆసుపత్రిలో చాలామంది "సూదేసి నీరు తీసేయండి సార్" అని డాక్టర్లతో వాదిస్తుంటారు. బయట పొరల మధ్య చేరిన నీటిని సూదితో తీయవచ్చు. లోపల బుడగల్లో చేరిన నీటిని సూదితో తీయలేరు. తడిసిన స్పాంజికి సూది గుచ్చితే నీరు వస్తుందా? రాదు. దాన్ని మందులతో, ఆక్సిజన్‌తో, మూత్రం ద్వారా బయటికి పంపాలి.

ఎందుకు చేరుతుంది?

మన గుండెలో రెండు పంపులున్నాయి. కుడివైపు పంపు రక్తాన్ని ఊపిరితిత్తులకు పంపుతుంది. ఎడమవైపు పంపు ఊపిరితిత్తుల నుంచి వచ్చిన రక్తాన్ని ఒళ్లంతటికీ పంపుతుంది. ఎడమ పంపు బలహీనపడితే ఏమవుతుంది? మన పొలాల్లో చూస్తుంటాం కదా, కాలువ చివర తూము పూడిపోతే వెనక నీరు పెరుగుతుంది, గట్లు ఊరుతాయి, పక్క చేలో నీరు నిలుస్తుంది. అలాగే గుండె ముందుకు నెట్టలేని రక్తం వెనక ఊపిరితిత్తుల్లో నిలిచి, ఒత్తిడి పెరిగి, నాళాల గోడల్లోంచి నీరు ఊరుతుంది.

తూము పూడడానికి కారణాలు చాలా ఉన్నాయి. గుండెపోటు వచ్చి కండరం దెబ్బతినడం ఒకటి. ఏళ్ల తరబడి అదుపులో లేని బీపీ మరొకటి. గుండె లయ తప్పడం, కవాటాలు పాడవడం, గుండె కండరం జబ్బు మిగిలినవి. మూత్రపిండాలు పనిచేయనివారిలో నీరు బయటికి పోయే దారే లేదు కాబట్టి, డయాలసిస్ ఒకటి రెండుసార్లు తప్పినా ఊపిరితిత్తుల్లోకి నీరు చేరుతుంది.

కవాటాల సంగతి ఉపాధ్యాయులకు, తల్లులకు ప్రత్యేకంగా చెప్పాలి. అయిదు నుంచి పదిహేనేళ్ల పిల్లలకు ఒక రకం బ్యాక్టీరియా వల్ల గొంతునొప్పి వస్తుంది. సరిగా మందు వాడకపోతే కొందరిలో కొన్ని వారాలకు జ్వరం, మోకాళ్లు, చీలమండలు ఒకదాని తర్వాత ఒకటి వాచడం మొదలవుతుంది. దాన్ని రుమాటిక్ జ్వరం అంటారు. కీళ్ల వాపు తగ్గిపోతుంది కానీ గుండె కవాటం మీద మచ్చ మిగులుతుంది. అమ్మాయి పెరిగి పెద్దదై, పెళ్లై, గర్భవతి అయినప్పుడు ఒంట్లో రక్తం దాదాపు సగం వంతు పెరుగుతుంది. ఇరుకైన కవాటం అంత రక్తాన్ని వదలలేదు. అప్పుడు మొదటిసారిగా ఆయాసం, ఊపిరితిత్తుల్లో నీరు బయటపడతాయి. కడుపుతో ఉన్నప్పుడు ఆయాసం మామూలే అని ఇంట్లో పెద్దవాళ్లు అంటుంటారు. కొంత మామూలే. పడుకోలేనంత ఆయాసం మామూలు కాదు. చిన్నప్పుడే ఈ జబ్బు గుర్తిస్తే మూడు నాలుగు వారాలకోసారి పెన్సిలిన్ ఇంజెక్షన్‌తో మళ్లీ మళ్లీ రాకుండా కాపాడవచ్చు.

గుండె బాగున్నా నీరు చేరే సందర్భాలున్నాయి. తీవ్రమైన న్యుమోనియా, ఒళ్లంతా పాకిన ఇన్ఫెక్షన్, నీట మునగడం, విషపు పొగ పీల్చడం. వీటిలో ఒత్తిడి వల్ల కాదు, నాళాల గోడలే దెబ్బతిని నీరు కారుతుంది. 2020, 2021లలో కోవిడ్ వచ్చినవారిలో కొందరికి ఊపిరితిత్తులు అలాగే దెబ్బతినడం మనమంతా చూశాం. 2,500 మీటర్లకు పైన ఎత్తైన ప్రాంతాలకు త్వరత్వరగా ఎక్కినా కొందరికి ఇలా అవుతుంది. లేహ్ పట్టణం సుమారు 3,500 మీటర్ల ఎత్తున ఉంది. విమానంలో అక్కడికి వెళ్లే మన పిల్లలు మొదటి రెండు రోజులు విశ్రాంతిగా ఉండాలి. ఆయాసం వస్తే ఆలస్యం లేకుండా కిందికి దిగాలి.

ఇక పొరల మధ్య చేరే నీటికి మన దేశంలో, ముఖ్యంగా వయసులో ఉన్నవారిలో, ప్రధాన కారణం క్షయ. న్యుమోనియా, గుండె, కాలేయం, మూత్రపిండాల జబ్బులు, క్యాన్సర్ మిగతా కారణాలు. కొన్నేళ్ల కిందట మా తొమ్మిదో తరగతి కుర్రాడొకడు వరసగా బడి మానేశాడు. కనుక్కుంటే సాయంత్రం పూట జ్వరం, ఊపిరి గట్టిగా పీలిస్తే కుడిపక్క పొడిచినట్టు నొప్పి. కండరం పట్టేసిందని ఇంట్లో కాపడం పెడుతున్నారు. ఎక్స్‌రే తీయిస్తే కుడివైపు నీరు. సూదితో కొంత నీరు తీసి పరీక్షించి క్షయ అని తేల్చారు. ఆరు నెలలు ప్రభుత్వ మందులు ఉచితంగా వాడాడు. మళ్లీ బడికి వచ్చాడు, పదో తరగతి పాసయ్యాడు. వాళ్ల నాన్న భయమల్లా బయట నలుగురికీ తెలుస్తుందేమోనని. జబ్బు దాచితే ముదురుతుంది, అంతేగాని పోదు.

లక్షణాలు

మొదట వచ్చే సూచనలను మనం వయసుకో, గ్యాస్‌కో, నీరసానికో జమకడతాం. అవి ఇవి:

పడుకుంటే ఆయాసం, కూర్చుంటే ఉపశమనం. దిండ్ల సంఖ్య పెరగడం.
నిద్రపట్టిన గంట రెండు గంటలకు ఊపిరాడక లేచి కూర్చోవడం.
నిన్న ఎక్కిన మెట్లు నేడు ఎక్కలేకపోవడం.
కాళ్లు, పాదాలు వాచడం, వేలితో నొక్కితే గుంట పడటం.
మూడు రోజుల్లోనే రెండు కిలోల బరువు పెరగడం. అంత తొందరగా పెరిగేది కొవ్వు కాదు, నీరు.
రాత్రిపూట పొడిదగ్గు, పిల్లికూతలు.

ప్రమాద సూచనలు వేరు. మాట పూర్తిచేయలేనంత ఆయాసం, చల్లని చెమట, పెదవులు నీలంగా మారడం, తెల్లని లేదా గులాబీ రంగు నురగ రావడం, మనిషి అయోమయంగా ఉండటం, వేలికి పెట్టే ఆక్సిజన్ మీటరులో 90 కంటే తక్కువ చూపడం. వీటిలో ఏది కనిపించినా తెల్లవారేదాకా ఆగకూడదు.

పొరల మధ్య నీరు చేరితే సాధారణంగా ఒక పక్క నొప్పి, పొడిదగ్గు, జ్వరం, నెమ్మదిగా పెరిగే ఆయాసం ఉంటాయి.

వెంటనే ఏం చేయాలి?

మొదట నిటారుగా కూర్చోబెట్టాలి. కాళ్లు కిందికి వేలాడదీయాలి. అలా చేస్తే కొంత రక్తం కాళ్లలో నిలిచి గుండె మీద భారం తగ్గుతుంది. 108కి ఫోన్ చేయాలి. బిగుతు బట్టలు వదులు చేయాలి, చుట్టూ మూగకూడదు. పడుకోబెట్టకూడదు. బలవంతంగా నీళ్లు, పాలు, సోడా తాగించకూడదు. మోటార్ సైకిల్ మీద మధ్యలో కూర్చోబెట్టి తీసుకెళ్లకూడదు. వాడుతున్న మందుల చీటీలు, పాత రిపోర్టులు ఒక సంచిలో పెట్టి వెంట తీసుకెళ్లాలి.

ఆసుపత్రిలో ఏం చేస్తారు?

డాక్టరు స్టెతస్కోపు వీపు మీద పెట్టి వింటారు. నీరున్న బుడగల్లో చిటపట శబ్దం వస్తుంది. పొరల మధ్య నీరుంటే అక్కడ ఊపిరి శబ్దమే వినబడదు. ఈ పరికరాన్ని 1816లో ఫ్రాన్స్ వైద్యుడు లెనెక్ కనిపెట్టాడు. మొదటిసారి ఆయన వాడింది చుట్టిన కాగితం గొట్టం. రెండు వందల ఏళ్లు దాటినా ఆ విన్నపాటి సమాచారం ఇప్పటికీ ప్రాణాలు కాపాడుతోంది. తర్వాత ఎక్స్‌రే, ఈసీజీ, రక్త పరీక్షలు, గుండె పనితీరు చూసే ఎకో చేస్తారు.

గుండె వల్ల నీరు చేరితే ఆక్సిజన్ ఇస్తారు. అవసరమైతే ముఖానికి బిగుతైన మాస్కు పెట్టి ఒత్తిడితో గాలి పంపుతారు. రోగి భయపడి మాస్కు లాగేస్తుంటారు. పక్కనున్నవారు చెయ్యి పట్టుకుని ధైర్యం చెప్పాలి. ఫ్యూరోసెమైడ్ ఇంజెక్షన్‌తో ఎక్కువైన నీరు మూత్రంగా పోతుంది. బీపీ ఎక్కువుంటే నాళాలను వదులు చేసే నైట్రోగ్లిజరిన్ ఇస్తారు. మా అమ్మీకి తెల్లవారేసరికి రెండు లీటర్ల పైగా మూత్రం వచ్చింది. ఫజర్ వేళకు కళ్లు తెరిచి టీ అడిగింది. పరిస్థితి మరీ విషమిస్తే వెంటిలేటర్ పెడతారు. అసలు కారణం గుండెపోటైతే దానికి, కవాటమైతే దానికి, మూత్రపిండాలైతే డయాలసిస్‌కు ఏర్పాటు చేస్తారు. కారణం సరిచేయకుండా నీరు మాత్రమే తీస్తే మళ్లీ చేరుతుంది.

పొరల మధ్య నీటిని కూర్చోబెట్టి, వీపు వైపు మత్తు ఇచ్చి, సూదితో తీస్తారు. ఎక్కువ నీరున్నా ఒకేసారి మొత్తం తీయరు, సుమారు లీటరు, లీటరున్నర దగ్గర ఆపుతారు. ఒక్కసారిగా విచ్చుకున్న ఊపిరితిత్తిలోకి మళ్లీ నీరు ఊరే ప్రమాదం ఉంది. "సగమే తీశారు" అని డాక్టరును అనుమానించకండి. చీము ఉంటే గొట్టం వేస్తారు.

ఇంట్లో జాగ్రత్తలు

సెలైన్ మాట ముందు చెబుతాను. నీరసం అనగానే సెలైన్ ఎక్కించుకునే అలవాటు మన ఊళ్లలో బాగా ఉంది. మామూలు సెలైన్ అర లీటరు సీసాలో నాలుగున్నర గ్రాముల ఉప్పు ఉంటుంది. రెండు సీసాలంటే తొమ్మిది గ్రాములు. రోజు మొత్తానికి అయిదు గ్రాముల లోపు ఉప్పే తినాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. వాంతులు, విరేచనాలతో నీరు కోల్పోయినవారికి సెలైన్ ప్రాణం పోస్తుంది. బలహీనమైన గుండెకు అదే ప్రాణాంతకం. మందు చెడ్డది కాదు, అడిగి ఎక్కించుకోవడం చెడ్డది. అడిగినవాళ్లలో నేనూ ఒకణ్ణే గనుక ఈ మాట ఎవరినీ నిందించడానికి చెప్పడం లేదు.

ఆవకాయ, నిమ్మకాయ పచ్చడి, అప్పడాలు, వడియాలు, ఉప్పుచేప, దుకాణంలో కొనే మిక్స్చర్ పొట్లాలు, వీటన్నిటిలో ఉప్పు దాగి ఉంది. గ్యాస్‌కు కలుపుకుని తాగే పొడుల్లోనూ సోడియం ఉంటుంది. మోకాళ్ల నొప్పులకు మెడికల్ షాపులో కొనుక్కుని వేసుకునే డైక్లోఫెనాక్, ఐబుప్రొఫెన్ లాంటి మాత్రలు ఒంట్లో ఉప్పును, నీటిని నిలవేస్తాయి. గుండె జబ్బున్నవారు డాక్టరును అడగకుండా వాటి జోలికి పోరాదు.

రోజూ ఉదయం మూత్రవిసర్జన అయ్యాక, ఏమీ తినకముందు బరువు చూసుకుని రాసుకోవాలి. మాత్రలు ఆయాసం తగ్గినా మానకూడదు. ఆయాసం తగ్గింది మాత్రల వల్లే కదా!

రంజాన్ గురించి ఒక మాట. రోజా ఉన్నప్పుడు మూత్రం ఎక్కువ పోయి దాహం వేస్తుందని నీటి మాత్ర మానేసేవారున్నారు. అది చాలా ప్రమాదం. గుండె, మూత్రపిండాల జబ్బున్నవారు నెల మొదలుకాకముందే డాక్టరును కలవాలి. కొందరికి సహరీ, ఇఫ్తార్ వేళలకు మందులు సర్దుతారు. కొందరికి రోజా వద్దంటారు. ఆ మరుసటి ఏడు మా అమ్మీ రోజా ఉంటానని పట్టుబట్టింది. డాక్టరు వద్దన్నారు. చివరికి మా మసీదు ఇమామ్ సాబ్ ఇంటికి వచ్చి, రోగికి మినహాయింపు ఉందని, ఫిద్యా ఇస్తే సరిపోతుందని నచ్చజెప్పాకే ఒప్పుకుంది. ఒక్కోసారి డాక్టరు చీటీ కంటే మనం నమ్మే పెద్దమనిషి మాట బాగా పనిచేస్తుంది.

సంస్థకు నా విన్నపం

మన సంస్థ ఆపరేషన్లకు సాయం చేస్తోంది, చాలా సంతోషం. పెద్ద చికిత్సలకు 2007లో మొదలైన ఆరోగ్యశ్రీ లాంటి పథకాలు కూడా ఉన్నాయి. కానీ గుండె బలహీనమైనవారు మళ్లీ మళ్లీ ఆసుపత్రి పాలయ్యేది తరచుగా నెలనెలా మాత్రలు కొనలేకే. ఒక్కసారి పెద్ద మొత్తం ఇచ్చే దాతలుంటారు, ప్రతి నెలా చిన్న మొత్తం గుర్తుపెట్టుకుని ఇచ్చేవారు తక్కువ. జన ఔషధి దుకాణాల్లో ఇవే మందులు తక్కువ ధరకు దొరుకుతాయి. పదిమంది పేదరోగులకు నెల మందుల బాధ్యత మనం తీసుకోలేమా? సంస్థ కార్యాలయంలో ఒక బీపీ మిషను, ఒక బరువు చూసే మిషను, ఒక ఆక్సిజన్ మీటరు పెట్టలేమా? సెలవు రోజుల్లో మా విద్యార్థులు వచ్చి బీపీ, బరువు చూసి పుస్తకంలో రాస్తారు. ఆ బాధ్యత నాది.

మా అమ్మీకి చదువు రాదు. ఆసుపత్రి నుంచి వచ్చాక రోజూ ఫజర్ నమాజు తర్వాత బరువు మిషను ఎక్కి మనవరాలిని పిలిచేది. ఆ పిల్ల నా పాత హాజరు పట్టీలో అంకె రాసేది. రెండుసార్లు బరువు పెరిగినట్టు ఆ పట్టీలోనే కనిపించింది, రెండుసార్లూ పగటిపూటే నడుచుకుంటూ డాక్టరు దగ్గరికి వెళ్లింది. అంబులెన్సు అవసరం మళ్లీ రాలేదు. అలా ఆరేళ్లు బతికింది. మూడేళ్ల కిందట అల్లాహ్ పిలుపు అందుకుంది. ఆ ఆరేళ్లు మాకు ఇచ్చింది గొప్ప యంత్రాలేమీ కాదు. నాలుగు మాత్రలు, తగ్గించిన ఉప్పు, ఆ పట్టీలోని అంకెలు.

ఇవాళ ఇంటికి వెళ్లాక మీ ఇంట్లోని పెద్దవాళ్లను ఒక్క ప్రశ్న అడగండి: "రాత్రి ఎన్ని దిండ్లు పెట్టుకుంటున్నారు?" జవాబు మొన్నటికంటే పెరిగితే రేపే డాక్టరు దగ్గరికి తీసుకెళ్లండి.